డాక్యుమెంటరీలో మాట్లాడేవాళ్లకు డబ్బు ఇవ్వాలా, వద్దా?

(నలుగురి మాటలివి. పేర్లకు బదులు వాళ్ల పేటలు.)

బ్రాడీపేట: మిర్చి కోత కూలీల మీద, కౌలు రైతుల మీద డాక్యుమెంటరీ తీసే నిర్మాత, కెమెరా ముందు మాట్లాడినవాళ్లకు డబ్బు ఇవ్వచ్చా?

గవర్నర్‌పేట: ఇవ్వకూడదు. కోర్టు కేసుంటే అసలే వద్దు. చుండూరులో దళితుల హత్యలు 1991 ఆగస్టు 6న జరిగాయి. ప్రత్యేక కోర్టు 2007లో శిక్షలు వేస్తే 2014లో హైకోర్టు కొట్టేసింది. ఇన్నేళ్లు సాగే కేసులో సాక్షి ఇంటర్వ్యూకి డబ్బు తీసుకున్నాడని తెలిస్తే డిఫెన్సు లాయరు వదులుతాడా? పోలీసులకు చెప్పినదానికీ కెమెరాకి చెప్పినదానికీ చిన్న తేడా ఉన్నా పట్టుకుంటాడు.

కొత్తపేట: కెమెరామన్‌కి బేటా (రోజువారీ భత్యం) ఉంది, డ్రైవరుకీ ఉంది. పని మానుకుని కూర్చున్న కూలీకి మాత్రం టీ, బిస్కెట్లా? ఇవ్వాల్సింది కథకు ధర కాదు, పోయిన కూలి. ఊళ్లో ఆ రోజు నడిచే రేటే, ఒక్క రూపాయి ఎక్కువ కాదు. షూటింగు రెండు గంటలే అయినా పూర్తి రోజుది ఇవ్వాలి, ఎందుకంటే పొద్దున్నే కూలీల ముఠా వెళ్లిపోతే మళ్లీ ఎవరూ పనిలోకి తీసుకోరు. ఏం చెప్పినా, చెప్పకపోయినా ఇవ్వాలి. ఓచరు మీద ‘కూలి నష్టం’ అని రాయించండి. బడ్జెట్‌లో మొదటే ఈ పద్దు పెట్టుకోండి. మేస్త్రి చేతికి మాత్రం ఇవ్వద్దు: కమీషను సంగతి అటుంచి, ఎవరు మాట్లాడాలో కూడా అతనే తేలుస్తాడు.

కృష్ణలంక: ఓచరూ సమ్మతి పత్రమూ ఒకే కాగితం మీద ఉంటే ఆ మనిషి తన మాట అమ్మేశాననుకుంటాడు, తర్వాత వద్దనలేడు. పత్రం తెలుగులో ఉండాలి. చదివి వినిపించి, ఒప్పుకున్నది కెమెరాలోనే రికార్డు చేయాలి. ఎడిటింగు ఖరారు కాకముందు ఆ భాగం చూపించి మళ్లీ అడగాలి. లైంగిక నేరాలకు గురైన పిల్లల గుర్తింపు బయటపెట్టడం పోక్సో చట్టం సెక్షన్ 23 ప్రకారం నేరం. ముఖం తర్వాత బ్లర్ చేద్దామనుకుంటే కెమెరా మెమరీ కార్డులో అసలు ముఖం ఉండిపోతుంది, అందుకే మాట్లాడే మనిషిని వెలుగుకు వీపు పెట్టి కూర్చోబెట్టి నీడగానే తీయండి. గొంతు, బండి నంబరు, ఇంటి గుమ్మం కూడా పట్టిస్తాయి.

గవర్నర్‌పేట: కూలి నష్టం వరకు సరే. కానీ కేసున్నవాళ్లను పనయ్యాక ఇంటి దగ్గరే తీయండి. నష్టమే లేకపోతే ఓచరుతో పనేముంది?

కొత్తపేట: పనయ్యాక ఆడవాళ్లు పొయ్యి దగ్గరుంటారండీ. ఆ గంట మీకు ఊరికే దొరుకుతుందా?