నాయన కార్డు బిల్లులో చెన్నై హోటల్ పేరుతో రూ.1,890, మేం పోయిందే లేదు, ఇది ఎవరిదో ఎట్ట కనుక్కోవాలి?

వేదాయపాళెం_అమ్మాయి

అందరికీ నమస్కారం. మాది నెల్లూరు. మా నాయన రిటైర్డ్ టీచరు, ఆయన పేరు మీద ఒక క్రెడిట్ కార్డు ఉంది, మందుల షాపుకీ పెట్రోలుకీ ఎప్పుడన్నా ఇంటిల్లిపాదీ బయట తింటే దానికీ వాడతాం. నిన్న స్టేట్‌మెంట్ వచ్చింది, ఒక్కో లైనూ చూసుకుంటా వస్తుంటే పోయిన నెల చివరి శనివారం తేదీతో రూ.1,890, పక్కన ఏదో హాస్పిటాలిటీ అండ్ ఫుడ్స్, చెన్నై అని ఉంది. ఆ రోజు నాయన చెన్నై కాదు గదా నెల్లూరే దాటలా. ఆ పేరుతో హోటలు ఉందని మేమెవరం వినలా, గూగుల్లో కొడితే కంపెనీ రిజిస్ట్రేషన్ పేజీలు తప్ప ఏం రావడం లా.

అదే శనివారం రాత్రి మా తమ్ముడి కొడుకు పుట్టినరోజని మాగుంట లేఅవుట్‌లో ఒక రెస్టారెంటుకి పోయిన మాట నిజం, కానీ దాని బిల్లు రూ.2,346 ఆ రెస్టారెంటు పేరుతోనే వేరే లైన్లో సరిగ్గా ఉంది, దాంతో గొడవ లేదు. ఇదే తెలీడం లా.

కార్డు ఎప్పుడూ నాయన పర్సులోనే ఉంటాది, ఓటీపీ ఎవరికీ చెప్పలా. ఆయనేమో రాత్రంతా పడుకోలా, ఎవరో నా కార్డు వాడుతుండారు రేపే బ్లాక్ చేయించు అంటుండారు, తమ్ముడేమో ఆ కాసిన్ని డబ్బులకి ఇంత రచ్చ ఎందుకు కట్టేసి వదిలేయ్ అంటాడు. నాకైతే వదిలేయడం ఇష్టం లేదు, ఆయన పెన్షన్ డబ్బులు అవి. బ్యాంకుకి ముందు చెప్పాలా, ఎవరిదో తేల్చుకుని చెప్పాలా? బిల్లు గడువు దగ్గరకొస్తా ఉంది, ఈ 1,890 మినహాయించి మిగతాది కట్టొచ్చా?

ఒంగోలు_కర్నూల్‌రోడ్డు

అమ్మా, నేను బ్యాంకు కార్డుల సెక్షన్లో చేసి రిటైరైనాను. ముందు నాయనగారికి ధైర్యం చెప్పండి. బ్యాంకు యాప్‌లో కార్డు సెట్టింగుల్లోకి పోయి స్వైపు, ఆన్‌లైను, కాంటాక్ట్‌లెస్, ఇంటర్నేషనల్ అన్నీ ఆఫ్ చేసేయండి. ఆ స్విచ్చులు ప్రతి బ్యాంకూ ఇచ్చి తీరాలని 2020లో ఆర్‌బీఐ చెప్పింది. బ్లాక్ చేయిస్తే మళ్ళీ కొత్త నంబరు, కొత్త కార్డు, కరెంటు బిల్లు లాంటివి దానికి కట్టి ఉంటే అన్నీ మార్చుకోవాలి, అది నిజంగా మోసం అని తేలితే చేద్దురు గాని. స్విచ్చులు ఆపితే ఇక ఎవడూ దాన్ని వాడలేడు, మీకు కనుక్కునే టైము దొరుకుద్ది.

ఇక పేరు సంగతి. స్టేట్‌మెంట్లో వచ్చేది బోర్డు మీద ఉన్న పేరే కానక్కర్లేదు, చాలాసార్లు ఆ స్వైపింగ్ మిషను ఏ కంపెనీ పేరున తీసుకున్నారో ఆ పేరు వస్తది. డామినోస్‌లో పిజ్జా తిని జూబిలెంట్ ఫుడ్‌వర్క్స్ అని చూసి కంగారు పడేవాళ్ళు ఉన్నారు, కేఎఫ్‌సీ అయితే దేవయాని ఇంటర్నేషనల్ గానీ సఫైర్ ఫుడ్స్ గానీ, స్విగ్గీ వెనక కంపెనీ పేరు చాలా ఏళ్ళు బండిల్ టెక్నాలజీస్, జొమాటో కంపెనీ 2025లో ఎటర్నల్ అయింది. ఊరు కూడా అంతే, మీరు నెల్లూర్లో తిన్నా ఓనరు ఆఫీసు చెన్నైలో ఉంటే చెన్నై అని పడొచ్చు. కాబట్టి మీరు పోని ఊరు కనిపించినంత మాత్రాన మోసం అనుకోవద్దు.

అట్టాగని తీరిగ్గా వెతుక్కుంటా కూర్చోవద్దు. 2017 జూలై 6న ఆర్‌బీఐ ఇచ్చిన సర్క్యులర్ ప్రకారం బయటోడెవడో మోసం చేస్తే, బ్యాంకు మెసేజీ మీకు అందిన 3 పనిదినాల్లోపు చెప్తే మీ మీద పైసా పడదు. 4 నుంచి 7 పనిదినాల మధ్య చెప్తే 5 లక్షల లిమిట్ లోపు క్రెడిట్ కార్డుకి రూ.10,000 దాకా మీరు భరించాలి, పోయిన సొమ్ము అంతకన్నా తక్కువైతే ఆ సొమ్ము మొత్తం. అంటే 1,890 లాంటి చిన్న మొత్తం మూడో రోజు దాటితే మొత్తం మన నెత్తినే పడే అవకాశం ఉంది. మీ తమ్ముడు చిన్న మొత్తమే కదా అంటున్నాడు చూడండి, ఆ చిన్న మొత్తాలకే గడువు దాటకుండా చెప్పడం ఎక్కువ అవసరం. ఆ 7 పనిదినాలు దాటితే బ్యాంకు సొంత పాలసీ ఎట్టుంటే అట్ట. తప్పు కార్డుదారుడిదే అని రుజువు చేసుకోవాల్సింది మాత్రం బ్యాంకే, ఇది గుర్తుపెట్టుకోండి.

గూడూరు_సుబ్బు

అక్కా ఒక్కటి, గూగుల్లో కనపడే కస్టమర్ కేర్ నంబరుకి మాత్రం చెయ్యొద్దు, కార్డు వెనకాల ముద్రించిన నంబరుకే చెయ్యండి. మా పిన్ని ఇట్టనే ఒక హోటల్ రీఫండ్ కోసం గూగుల్లో నంబరు వెతికి చేస్తే వాడు ఫోన్లో ఏదో యాప్ వేయించి స్క్రీన్ మొత్తం చూసి అసలుకన్నా ఎక్కువ లాగేశాడు. నిజంగా మోసం అని తేలితే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చెయ్యండి, ఎంత తొందరగా చేస్తే అంత మంచిది.

కావలి_మిషన్లు

నేను కావలి, నెల్లూరు చుట్టుపక్కల హోటళ్ళకి స్వైపింగ్ మిషన్లు పెట్టే పని చేస్తా. అక్కా మీ లెక్క చూస్తుంటే నాకు ఒకటి తోస్తంది. 1,890 అంటే 1,800 మీద 5 శాతం జీఎస్టీ 90, అచ్చంగా కూర్చుని తిన్న హోటల్ బిల్లు. దొంగ కార్డు వాడేవాడు ఇట్ట లెక్కగా తినడని కాదు గానీ, అదే శనివారం, అదే కార్డు, అదే హోటల్ రకం. ఆ రాత్రి మాగుంట లేఅవుట్‌లో కార్డు ఒక్కసారే పెట్టారా? మొదటి మిషను పని చెయ్యలేదని ఇంకో మిషను తెచ్చారా? ఇంట్లో అందర్నీ అడగండి, నాయన ఫోన్లో మెసేజీలు ఆ తేదీకి పోయి టైము చూడండి.

ఎందుకంటే ఒకే హోటల్లో రెండు మిషన్లు రెండు బ్యాంకులవి, రెండు పేర్ల మీద ఉండటం మా లైన్లో రోజూ చూసేదే. ఒకటి ఓనరు పేరున, ఒకటి అన్నదమ్ముడి కంపెనీ పేరున.

వేదాయపాళెం_అమ్మాయి

కావలి అన్నా, మీరు చెప్పినట్టే అయింది! తమ్ముణ్ణి అడిగితే గుర్తు చేసుకుని చెప్పాడు. మొదట తెచ్చిన చిన్న మిషన్లో కార్డు పెట్టి పిన్ కొట్టాక ప్రాసెసింగ్ ప్రాసెసింగ్ అని తిరిగి తిరిగి కనెక్షన్ ఎర్రర్ అని ఆగిపోయిందంట, పేపరు రాలా. సర్వర్ అబ్బాయి సిగ్నల్ లేదు సార్ అని మిషను తీసుకుని లోపలికి పోయాడు. ఈలోపు పిల్లలు ఐస్‌క్రీం అడిగారు, అమ్మ ఇంటికి ఒక చేపల పులుసు పార్సిల్ చెప్పింది, కొత్త బిల్లు రూ.2,346 అయింది, కౌంటర్ దగ్గర ఇంకో మిషన్లో పెడితే వెంటనే వచ్చింది. అందుకే రెండు మొత్తాలూ వేరేగా ఉండి నాకు అనుమానం రాలా.

లోన్ల మెసేజీల మధ్యలో వెతికితే రెండు మెసేజీలూ దొరికినాయి, 9.41కి 1,890, 9.52కి 2,346. మొదటి దాంట్లో ఆ చెన్నై పేరే ఉంది. నాయనకి చూపిస్తే కాస్త కుదుటపడ్డారు. మరి ఇప్పుడు హోటలోళ్ళని అడగాలా బ్యాంకునా?

కావలి_మిషన్లు

ఇద్దర్నీ, ముందు హోటలు. లోపల జరిగేది ఏందంటే, మిషను రిక్వెస్టు పంపుద్ది, మీ బ్యాంకు సరే అని 1,890 పట్టేసుకుంటది, ఆ సరే అన్న జవాబు తిరిగి మిషనుకి చేరే లోపు సిమ్ సిగ్నల్ పోతది. మిషను లెక్కలో ఫెయిలు, బ్యాంకు లెక్కలో పాసు. మామూలుగా ఆ డబ్బు వెనక్కి ఇచ్చేయమనే రివర్సల్ దానంతటదే పోవాలి, ఒక్కోసారి అదీ పోదు.

మీరు పోయి క్యాషియర్‌ని కాదు, మేనేజర్ని గానీ ఓనర్ని గానీ అడగండి, ఆ తేదీ సెటిల్‌మెంట్ రిపోర్టు, అంటే మిషన్ల మీద వాళ్ళకి చేరిన డబ్బుల లెక్క తియ్యమనండి, రెండు మిషన్లవీ. మెసేజీలోనో యాప్‌లోనో ఆర్‌ఆర్‌ఎన్ అని 12 అంకెల నంబరు ఉంటది, దాన్ని పట్టుకుని చూడమనండి. రిపోర్టులో ఉంటే డబ్బు వాళ్ళకి చేరినట్టు, అదే కార్డుకి రీఫండ్ కొట్టించుకుని స్లిప్ తీసుకోండి, చేతికి నగదు ఇస్తామంటే వద్దనండి, తర్వాత లెక్క తేలదు. రిపోర్టులో లేకపోతే ఆ ముక్క రాసి స్టాంప్ వేసి ఇవ్వమనండి, దాని మీద టీఐడీ, అంటే ఆ మిషను గుర్తింపు నంబరు తప్పకుండా ఉండాలి. మంచిగా అడిగితే ఇస్తారు, వాళ్ళ డబ్బు కాదు కాబట్టి దాచాల్సిన అవసరం వాళ్ళకీ ఉండదు.

వేదాయపాళెం_అమ్మాయి

పోయొచ్చాం. ఓనరు మర్యాదగా మాట్లాడినారు, చిన్న మిషను వాళ్ళ అన్న కంపెనీ పేరు మీద ఉందంట, అది చెన్నైలో రిజిస్టరై ఉందని ఆయనే చెప్పినారు. రెండు రిపోర్టులూ తీసి మా ముందే వేలు పెట్టి లైను లైనూ చూసినారు, 2,346 ఉంది, 1,890 ఎక్కడా లేదు. లెటర్‌హెడ్ మీద ఆ మొత్తం మాకు అందలేదు అని రాసి టీఐడీ వేసి స్టాంప్ కొట్టి ఇచ్చినారు. ఇప్పుడు బ్యాంకుకి ఏమని రాయాలి?

ఒంగోలు_కర్నూల్‌రోడ్డు

శభాష్ అమ్మా, ఆ ఒక్క కాగితంతో సగం పని అయిపోయింది.

ఇప్పుడు మోసం అనే ఆప్షన్ మాత్రం నొక్కొద్దు. అది నొక్కితే కార్డు బ్లాక్ చేస్తారు, పైగా పిన్ కొట్టింది మీరే కాబట్టి లావాదేవీ మీదే అని కేసు మూసేస్తారు. యాప్‌లో డిస్ప్యూట్ దగ్గర డబ్బు పోయింది గానీ షాపుకి చేరలేదు, లేదా వేరే విధంగా చెల్లించాం అనే రకం ఉంటది, అది ఎంచుకోండి. రాసేటప్పుడు కథ వద్దు, తేదీ, రెండు టైములు, రెండు మొత్తాలు, ఆర్‌ఆర్‌ఎన్, మొదటి మిషన్లో స్లిప్ రాలేదు, అదే భోజనానికి 2,346 కట్టాం, షాపు లెటర్ జతచేశాం, అంతే. ఫోన్లో చెప్పి ఊరుకోవద్దు, మెయిల్ కూడా పెట్టి కంప్లైంట్ నంబరు తీసుకోండి. నాయన పేరున కార్డు కాబట్టి ఆయన రిజిస్టర్డ్ మెయిల్ నుంచే పోవాలి, మీ మెయిల్ నుంచి పెడితే జవాబే రాదు.

మూడు రోజుల సంగతి ఇక మర్చిపోండి, అది మోసాలకి. మీ కేసుకి ఆర్‌బీఐ 2019 సెప్టెంబరు 20 సర్క్యులర్ వర్తిస్తది. షాపులో మిషన్ మీద కార్డుకి డబ్బు పోయి స్లిప్ రాకపోతే లావాదేవీ రోజు తర్వాత 5 రోజుల్లో దానంతటదే వెనక్కి రావాలి, దాటితే రోజుకి రూ.100 చొప్పున పరిహారం, అదీ మనం అడక్కుండానే ఇవ్వాలి. అడక్కుండా ఇచ్చే దాకా ఆగకుండా మెయిల్లో ఆ సర్క్యులర్ తేదీ రాసి అడగండి. మొహమాటం వద్దు, ఇది దానం కాదు.

బిల్లు కట్టడం గురించి. 1,890ని డిస్ప్యూట్ తేలేదాకా పక్కన పెడతామని బ్యాంకు రాతపూర్వకంగా చెప్తేనే అది మినహాయించి కట్టండి. చెప్పకపోతే మొత్తం కట్టేయండి, వెనక్కొచ్చేది కార్డులో జమ అవుద్ది. వడ్డీ, లేటు ఫీజు, సిబిల్ గొడవ నాయనగారి వయసులో ఎందుకు. ఆటో డెబిట్ పెట్టి ఉంటే మొత్తం దానంతటదే పోద్ది, అది కూడా చూసుకోండి.

30 రోజుల్లో జవాబు రాకపోయినా, వచ్చింది నచ్చకపోయినా బ్యాంకుల మీద ఫిర్యాదులు చూసే ఆర్‌బీఐ అంబుడ్స్‌మన్‌కి, ఆర్‌బీఐ ఫిర్యాదుల వెబ్‌సైటు సీఎంఎస్ పోర్టల్లో పెట్టండి, ఖర్చు లేదు, లాయరు అక్కర్లేదు. ఎట్ట నింపాలో తెలీకపోతే 14448కి ఫోన్ చేస్తే చెప్తారు.

సింగరాయకొండ_రైల్వేగేట్

సార్, నాది డెబిట్ కార్డు. హైవే మీద డాబాలో ఇట్టనే ఎర్రర్ వచ్చి రూ.640 పోయింది, స్లిప్ రాలా, నగదు ఇచ్చి వచ్చేశా. దీనికి కూడా ఇదేనా?

ఒంగోలు_కర్నూల్‌రోడ్డు

ఇదే బాబూ, ఆ 5 రోజులూ ఆ 100 రూపాయలూ డెబిట్ కార్డుకీ అంతే. నగదు ఇచ్చినట్టు బిల్లు మీద రాయించుకున్నావా? లేకపోతే ఈ వారంలోనే అటు పోయి రాయించుకో, నెల దాటితే డాబా వాళ్ళ దగ్గర రిపోర్టు తీయించడం కష్టం.

వేదాయపాళెం_అమ్మాయి

మెయిల్ పెట్టేశాం, కంప్లైంట్ నంబరు వచ్చింది. ఆ 1,890 పక్కన పెడతామని బ్యాంకు ఇంకా రాయలా, అందుకని గడువు రోజుకి పూర్తిగా కట్టేద్దాం అన్నారు నాయన. కార్డు స్విచ్చుల్లో స్వైపు ఒక్కటే మళ్ళీ ఆన్ చేశాం, మిగతావి ఆఫ్‌లోనే ఉంచమన్నారు. జవాబు రాగానే ఇక్కడే రాస్తాను, కావలి అన్నకీ ఒంగోలు సార్‌కీ చాలా థాంక్స్.