అకిరా అన్న పేరుకు అర్థం పిలుపులో ఉందా, రాతలో ఉందా?

టోక్యో నాన్న:
మాకు బాబు పుట్టబోతున్నాడు. ఇద్దరం తెలుగువాళ్లమే, ఉద్యోగాలు ఇక్కడ. అకిరా అని పెడదామనుకుంటున్నాం. పేర్ల వెబ్‌సైట్లు చూస్తే ఒకచోట ‘ప్రకాశం’, ఇంకోచోట ‘తెలివి’, మరోచోట సంస్కృత పదమనీ ‘సొగసైన బలం’ అనీ ఉంది. అర్థం తెలియని పేరు వద్దని మా అత్తగారి పట్టు. దీనికి అసలు అర్థం ఏది?

ఒసాకా ఉద్యోగి:
ఫలానా అర్థమని ఒక్కటి లేదండి. ఏ కంజీతో, అంటే జపనీస్ రాతలో అర్థాన్ని సూచించే అక్షరంతో, రాస్తే ఆ అర్థం. దర్శకుడు అకిరా కురొసావా పేరులోది సూర్యుడు, చంద్రుడు పక్కపక్కనే ఉండే అక్షరం, అంటే వెలుగు. రసాయన శాస్త్రంలో నోబెల్ అందుకున్న అకిరాలు ఇద్దరున్నారు: 2010లో సుజుకి, 2019లో యోషినో. సుజుకి గారి అక్షరాన్ని పుస్తకంలో అధ్యాయానికీ వాడతారు. యోషినో గారిది ‘స్పష్టంగా వెల్లడి చేయడం’. పిలుపు ఒకటే, పేర్లు మూడు. ఆ సంస్కృతం కథ మాత్రం నమ్మకండి.

బెజవాడ పాఠకురాలు:
నేను ఒప్పుకోను. పిల్లాణ్ని పిలిచేటప్పుడు ఎవరూ అక్షరం చూపించరు కదా! మన ఊళ్లలో లెనిన్, స్టాలిన్, గగారిన్ అని పేర్లు పెట్టుకున్నారు. రష్యన్ భాషలో వాటి అర్థం కనుక్కునే పెట్టారా? అభిమానంతో పెట్టారు. కురొసావా మీద ఇష్టంతో పెడితే ఆ ఇష్టమే దాని అర్థం. ఇక్కడ ఆడపిల్లలకూ అకిరా అని పెడుతున్నారు, అదీ తప్పేం కాదు.

ఒసాకా ఉద్యోగి:
తప్పనడం లేదమ్మా. జపాన్‌లో ఎక్కువగా మగపిల్లలకే పెడతారు, అంతే. కానీ లెనిన్ అంటే ఎవరో అందరికీ తెలుసు, అకిరా అంటే ‘ఏ అకిరా?’ అని అడుగుతారు. ఇక్కడ పేరు పట్టింపు చాలా ఎక్కువ. 1993లో టోక్యో పరిధిలోని అకిషిమాలో ఒక తండ్రి కొడుక్కి ‘అకుమా’, అంటే దయ్యం, అని పెట్టబోతే గొడవ కోర్టుకెక్కింది, చివరికి వేరే పేరు పెట్టాడు. కోసెకి అనే కుటుంబ రిజిస్టరులో ఇదివరకు అక్షరాలే ఉండేవి. 2025 మే 26 నుంచి వాటిని ఎలా పలకాలో కూడా నమోదు చేస్తున్నారు. అక్షరానికి పొంతన లేని పలుకు పెడితే ఒప్పుకోకపోవచ్చు.

యోకొహామా అమ్మ:
అసలు సంగతి ఎవరూ చెప్పడం లేదు. మనలాంటి విదేశీ దంపతుల బిడ్డకు కోసెకి ఉండదు. జనన నమోదు ఫారంలో పేరు కటకానాలో రాస్తాం. అది పలుకును పట్టే లిపి, అర్థం చెప్పదు. కాబట్టి ఏ అకిరా అన్నది మీరే తేల్చుకుని పిల్లాడికి చెప్పాలి. ‘జపనీస్‌లో దీని అర్థం ఇదే’ అని మాత్రం చెప్పకండి, బడిలో తోటి పిల్లలే దిద్దుతారు. ఇంకొకటి, జపనీస్‌లో ఈ పేరుకు మధ్యలో గానీ చివర గానీ దీర్ఘం లేదు. మనవాళ్లు ‘అకీరా’ అని సాగదీస్తున్నారు, నాకు అది బాధగా ఉంటుంది.

టోక్యో నాన్న:
అందరికీ ధన్యవాదాలు. కురొసావా గారి అక్షరమే అనుకున్నాం. సూర్యచంద్రులు అనగానే అత్తగారు సరేనన్నారు. బారసాల రోజు బియ్యంలో మాత్రం తెలుగులోనే, దీర్ఘం లేకుండా ‘అకిర’ అని రాస్తాను.