కల్పిత మంత్రగ్రంథంలో జంట చిహ్నాలను ఏ వర్గంలో పెట్టాలి?
విజయవాడలో ఆడే ఒక ఫాంటసీ ఆట కోసం కల్పిత ప్రాచీన తాళపత్ర గ్రంథం తయారవుతోంది. మొత్తం 64 మంత్ర చిహ్నాలు. నిప్పు, నీరు, గాలి, మన్ను వర్గాలకు తలా 16. పద్ధతి మాత్రం భట్టిప్రోలు లిపి (భట్టిప్రోలు స్తూపం దగ్గర దొరికిన ప్రాచీన బ్రాహ్మీ రకం లిపి) నుంచి అరువు: అందులో హల్లుకు 'అ' పలకాలంటే విడిగా గీత పెట్టాలి. ఇక్కడ గీత లేని చిహ్నం నిద్రలో ఉన్నట్టు, పెడితే మేల్కొన్నట్టు.

చిక్కల్లా జంటలతోనే. నిప్పు కింద నీటిని ఒత్తుగా రాస్తే 'ఆవిరి'. పై గుర్తును బట్టి చేరిస్తే నిప్పులోకి పోతుంది, ఆడేవాళ్లేమో నీటిలో వెతుకుతారు! ఐదో వర్గం పెడితే లెక్క చెడుతుంది. రెండుచోట్లా రాస్తే ఆకులు పెరుగుతాయి.

ఇంకోటి, ఘంటంతో (తాటాకు మీద రాసే మొనగల ఇనుప పుల్లతో) నార వెంట పొడవుగా అడ్డగీత గీస్తే తాటాకు చీలుతోంది. మేల్కొలుపు గీతను కొమ్ములా వంచితే చాలా, నిలువుగా మార్చాలా? లిపులు తెలిసినవారు చెప్పగలరు.