వెల్స్ కాలయంత్రం ఉన్నచోటనే ఎలా ఉంటుంది?

ప్రశ్న:
హెచ్.జి. వెల్స్ 1895లో వెలువరించిన ‘ది టైమ్ మెషీన్’ నవలలో కాలయాత్రికుడు 8,02,701వ సంవత్సరానికి వెళ్లినా, దిగింది మాత్రం థేమ్స్ లోయలోనే. భూమి సెకనుకు దాదాపు 30 కిలోమీటర్ల వేగంతో సూర్యుని చుట్టూ తిరుగుతుండగా, కాలంలో మాత్రమే కదిలే యంత్రం అదే నేలపై ఎలా నిలుస్తుందో పెద్దలు వివరించగలరా?

మొదటి జవాబు:
యంత్రం నేలను వదలదన్న నియమాన్ని రచయిత ఎంత శ్రద్ధగా పాటించారో చూడండి. మోర్లాకులు (ఆ భవిష్యత్తులో నేల కింద బతికే జీవులు) దానిని పచ్చిక బయలు నుంచి తెల్ల స్ఫింక్స్ విగ్రహపు పీఠంలోకి తరలించారు కనుక, తిరిగి వచ్చినప్పుడు అది బయలుదేరిన ఆగ్నేయ మూలన కాక, ప్రయోగశాల వాయవ్య దిక్కున గోడకు ఆనుకుని ఆగింది. ఆ దూరం సరిగ్గా వాళ్లు జరిపినంతే. నవల మొత్తంలో నన్ను అన్నిటికంటే ఆకట్టుకున్న వివరం ఇదే.

రెండవ జవాబు:
ప్రశ్నలోనే ఒక చిక్కు ఉందండి. ఐన్‌స్టీన్ 1905లో ప్రతిపాదించిన సాపేక్ష సిద్ధాంతం ప్రకారం విశ్వంలో పరమ నిశ్చల స్థానమంటూ ఏదీ లేదు. కాబట్టి యంత్రం భూమిని విడిచి వెనకబడిపోవాలని అనుకోవడానికీ, భూమితో పాటే సాగుతుందని అనుకోవడానికీ, దేనితో పోల్చి చెబుతున్నామో ముందుగా తేల్చుకోవాలి.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలండి. నేను సూర్యుణ్ణి నిశ్చలంగా ఊహించుకుని లెక్క వేశాను.