అమ్మకు లాడ్ బజార్ చూపించాలి: గైడును పెట్టుకోవాలా?

మండపేట అమ్మాయి:

మా అమ్మ మండపేటలో 31 ఏళ్ళు గాజుల కొట్టు నడిపింది. తాతయ్య భుజాన గాజుల మలారం వేసుకుని కోనసీమ ఊళ్ళన్నీ తిరిగినవాడు. ఆ మలారాన్ని అమ్మ కొట్టు చేసింది. లక్క గాజులు మాకు రాజమండ్రి హోల్‌సేలు వ్యాపారి దగ్గర నుంచి అట్టపెట్టెల్లో వచ్చేవి. పెట్టె మీద పెన్సిలుతో ‘హైదరాబాద్’ అని రాసి ఉండేది. అన్నేళ్ళూ ఆ పెట్టెలు విప్పిందే తప్ప, అవి బయలుదేరే చోటు అమ్మ ఒక్కసారీ చూడలేదు. కిందటి సంక్రాంతి తరువాత కొట్టు మూసేశాం. ఇప్పుడు తనంతట తానుగా అడిగిన కోరిక ఒక్కటే: హైదరాబాద్ పాతబస్తీలో చార్మినార్ పక్కనున్న గాజుల వీధి, లాడ్ బజార్ చూడాలట.

డిసెంబరులో రెండు రోజులు హైదరాబాద్‌లో ఉంటాం. అమ్మకు 64 ఏళ్ళు. మోకాళ్ళ నొప్పులు, అరగంట నడిస్తే కాసేపు కూర్చోవాలి. పూర్తి శాకాహారి, గుడ్డు కూడా ముట్టదు. హిందీ రాదు.

గైడు అంటే నాకు కొంచెం భయం. రెండేళ్ళ క్రితం వేరే నగరంలో పాత బజారు, వీధి తిండి చూపిస్తామంటే డబ్బు కట్టి వెళ్ళాం. 3 గంటల్లో 11 చోట్లు. నోట్లో పెట్టుకున్నది నమిలేలోపే ‘తరువాతి దుకాణం’ అనేవాడు. చివరికి ఒక తివాచీల దుకాణంలో 40 నిమిషాలు కూర్చోబెట్టాడు. అమ్మను అలా పరుగులు పెట్టించలేను. పాతబస్తీకి గైడు నిజంగా అవసరమా? అమ్మ తినగలిగేవి అక్కడ ఏమున్నాయి?

ఒంటరి బాటసారి:

గైడు అక్కరలేదండీ. మెట్రోలో ఎం.జి.బి.ఎస్. స్టేషనులో దిగి ఆటోలో మదీనా కూడలి దాకా వెళ్ళండి. అక్కడి నుంచి నేరుగా దక్షిణంగా నడిస్తే పత్తర్‌గట్టి, చార్‌కమాన్, గుల్జార్ హౌజ్, చార్మినార్ వరుసగా వస్తాయి. చార్మినార్ నుంచి పడమటికి తిరిగితే లాడ్ బజార్. తప్పిపోయే ప్రసక్తే లేదు. నేను నాలుగుసార్లు ఒంటరిగా తిరిగాను. డబ్బు మిగుల్చుకుని ఆ డబ్బుతో గాజులు కొనుక్కోండి.

శాలిబండ వాసి:

మండపేట అమ్మాయి గారూ, నేను పుట్టింది అలియాబాద్‌లో, ఇప్పుడు ఉండేది శాలిబండలో. మా నాన్నగారు పత్తర్‌గట్టిలో ఒక ముత్యాల దుకాణంలో 40 ఏళ్ళు గుమాస్తాగా చేశారు. వేసవి సెలవుల్లో ఆయనకు మధ్యాహ్నం క్యారియరు అందించడం నా పని. ఆ దారిలోనే ఈనాటికీ ఊరి నుంచి వచ్చిన చుట్టాలను తిప్పుతుంటాను.

పై మిత్రుడు చెప్పిన దారి సరైనదే. దారి కోసమైతే గైడు అక్కరలేదు. కానీ మీ అమ్మగారు చూడాలనుకుంటున్నది దుకాణం కాదు కదా, ఆ అట్టపెట్టె బయలుదేరిన చోటు. లాడ్ బజార్‌లో ముందువైపు మెరిసేవన్నీ అమ్మే కొట్లు. గాజు తయారయ్యేది వెనక సందుల్లోని ఇళ్ళలో, మేడ మీద గదుల్లో. ఆడవాళ్ళు, పిల్లలు ఉండే ఇళ్ళవి. మనంతట మనం వెళ్ళి తలుపు తట్టడం మర్యాద కాదు. ఆ ఇంటికి తెలిసిన మనిషి ముందుగా వెళ్ళి ‘మనవాళ్ళే’ అని ఒక మాట అంటే, చాప పరిచి కూర్చోబెడతారు. మీరు డబ్బు ఇవ్వాల్సింది ఆ మాటకు.

అందుకే గైడును మాట్లాడుకునే ముందు ఫోనులో మూడు సంగతులు అడగండి. ఎన్ని చోట్లకు తీసుకెళ్తారు? అయిదుకు మించి చెప్పారంటే వదిలేయండి. లక్క కరిగించే చోట ఎంతసేపు కూర్చోనిస్తారు? ‘మీ ఇష్టం’ అన్నవారిని పట్టుకోండి. ఫలానా దుకాణంలోనే కొనాలని ఉందా? ఈ ప్రశ్నకు జవాబు తడబడితే చాలు, మీకు అర్థమైపోతుంది. తెలుగు వచ్చినవారు బాగానే దొరుకుతారు, మొహమాటపడకుండా అడగండి.

ఇక సమయం. చాలామంది పదింటికి వచ్చి మూసిన తలుపులు చూసి నిరాశపడతారు. లాడ్ బజార్ మెల్లగా 11 దాటాక కళ్ళు తెరుస్తుంది, సాయంత్రానికి నిండుతుంది. మీరు రోజును రెండు ముక్కలు చేసుకోండి. ఉదయం ఆరున్నరకు వస్తే వీధి ఖాళీగా ఉంటుంది, అమ్మగారు తీరిగ్గా నడవగలరు. తొమ్మిదికల్లా గదికి వెళ్ళి విశ్రాంతి తీసుకుని మూడున్నరకు మళ్ళీ రండి. శుక్రవారం మధ్యాహ్నం మాత్రం వద్దు. మక్కా మసీదులో నమాజుకు వచ్చేవారితో ఆ చుట్టుపక్కలంతా కిక్కిరిసి ఉంటుంది.

పత్తర్‌గట్టిలో ఆ రాతి కమాన్ల వరుసను ఒక్క నిమిషం ఆగి చూడమనండి. 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగి నగరాన్ని ముంచెత్తిన తరువాత ఊరిని మళ్ళీ చక్కదిద్దుతూ కట్టిన వరుస అది. పైన ఇళ్ళు, కింద దుకాణాలు. మా నాన్నగారు ఆ కమాను నీడలోనే పీట వేసుకుని ముత్యాలను చిల్లుల జల్లెళ్ళలో పోసి పరిమాణం ప్రకారం వేరు చేసేవారు. హైదరాబాద్‌లో ముత్యం పుట్టదు. ఒకప్పుడు ఇరాక్‌లోని బస్రా వైపు నుంచి వచ్చేది. ఇక్కడివాళ్ళ పనితనమంతా దానికి రంధ్రం చేయడంలో, గుచ్చడంలో, జత కలపడంలో ఉండేది. రెండు ముత్యాలు పక్కపక్కన పెట్టి ‘ఇవి అన్నదమ్ములు కావు, ఇరుగుపొరుగు’ అనేవారు నాన్నగారు. గాజులు జత కలిపిన మీ అమ్మగారికి ఆ మాట తెలుస్తుంది.

అదే వరుసలో అత్తరు దుకాణాలున్నాయి. మట్టి అత్తరు అడిగి ముంజేతి వెనక ఒక చుక్క రాయించుకోండి. తొలకరి వాన పడ్డ నేల వాసన వస్తుంది. అది ఉత్తరప్రదేశ్‌లోని కన్నౌజ్‌లో తీసేది. సారాయి కలవదు, చందనతైలం ఆధారంగా చేస్తారు, అందుకే సాయంత్రం దాకా నిలుస్తుంది. కొనకపోయినా ఎవరూ ఏమీ అనరు.

చార్మినార్ పైకి మాత్రం ఎక్కించకండి. మెలికల మెట్లు, ఇరుకు, ఎత్తు కూడా ఎక్కువ. ఆ మోకాళ్ళతో వద్దు. 1591 నాటి కట్టడాన్ని కింద నుంచి తలెత్తి చూసినా చాలు.

మండపేట అమ్మాయి:

శాలిబండ వాసి గారూ, మీ జవాబు అమ్మకు చదివి వినిపించాను. ‘అన్నదమ్ములు కావు, ఇరుగుపొరుగు’ దగ్గర ఆపి మళ్ళీ చదవమంది. తిండి సంగతి కూడా కాస్త చెప్పండి. ఉదయం ఆరున్నరకు ఏమి దొరుకుతుంది? వీధి తిండి అనగానే అందరూ నహారీ, హలీమ్, పత్తర్ కా గోష్త్ అంటూ మాంసం వంటకాలే రాస్తున్నారు.

శాలిబండ వాసి:

పొద్దున్నే నహారీ తినడం పాతబస్తీ పాత అలవాటు. నాలుక, కాళ్ళు రాత్రంతా సన్నని సెగ మీద ఉడికిస్తారు. అది మీకు పనికిరాదు. కానీ దానితో తినే రొట్టె పని చూడదగ్గది. పురానీ హవేలీ దగ్గర మున్షీ నాన్ దుకాణం 1851లో మొదలైంది. ‘చార్ కోని’ అంటారు, నాలుగు కోణాల నాన్. మనిషి నడుము దాకా వంగి, బావిలాంటి పొయ్యిలోకి చేయి చాపి గోడకు రొట్టె అతికిస్తాడు. మళ్ళీ ఇనుప చువ్వలతో పైకి లాగుతాడు. వేడిగా చేతిలోకి తీసుకోగానే అంచు కరకరలాడుతుంది, నడిమి భాగం దూదిలా ఉంటుంది. పిండిలో ఏమి కలుపుతారో అడిగి, సరేననుకుంటేనే అమ్మగారికి ఇవ్వండి.

చాయ్ చార్మినార్ పక్కన నిమ్రా కెఫేలో. ఇరానీ చాయ్‌లో పాలు, డికాక్షను కలిపి కాచరు. మూతపెట్టిన రాగి పాత్రలో డికాక్షను గంటలతరబడి మగ్గుతుంది. పాలు వేరే పాత్రలో చిక్కబడతాయి. రెండూ కలిసేది కప్పులోనే. ఉస్మానియా బిస్కెట్టు తీపిగానూ ఉంటుంది, ఉప్పగానూ ఉంటుంది. గుడ్డు సంగతి అక్కడ కూడా అడగండి. కూర్చోవడానికి చోటు తక్కువ, మడత కుర్చీ ఒకటి తెచ్చుకుంటే మేలు. సిగ్గుపడాల్సిందేమీ లేదు, మా అత్తయ్యకు నేనూ అదే చేశాను. కడుపు నిండా తినాలంటే గుల్జార్ హౌజ్ వైపు వెన్న దోసెల బండ్లు ఉంటాయి. దోసె మీద ఉప్మా పరిచి, వెన్న వేసి, పొడి చల్లి మడుస్తారు. ఆంధ్ర దోసె అనుకుని తింటే ఆశ్చర్యపోతారు.

బేగంబజార్ కోడలు:

శాకాహారులైతే రెండో రోజు మా వైపు రండమ్మా. నిజాం అలీఖాన్ భార్య హుమ్దా బేగం వ్యాపారులకు ఇచ్చిన స్థలం కాబట్టే దీనికి బేగంబజార్ అని పేరు. మార్వాడీ, అగర్వాల్ కుటుంబాలు తరతరాలుగా ఉన్నాయి, కచోరీకి, జిలేబీకి కొదవలేదు. ఇత్తడి, రాగి, కిరాణా అన్నీ టోకు ధరకే. కొట్టు నడిపిన మనిషికి ఇక్కడి బేరాలు వింటుంటే ప్రాణం లేచివస్తుంది.

మిఠాయి మీద వెండి రేకు గురించి ఒక మాట. పాత పద్ధతిలో తోలు పొరల మధ్య వెండిని పెట్టి సుత్తితో కొట్టేవారు. 2016లో ఆహార భద్రతా సంస్థ జంతు సంబంధమైన పదార్థాలు వాడకూడదని నియమం తెచ్చింది. అయినా నేను మా అత్తగారి కోసం రేకు లేని మిఠాయే కొంటాను. మీ అమ్మగారికి పట్టింపు ఉంటే రేకు లేనిది అడగండి.

ఒంటరి బాటసారి:

శాలిబండ వాసి గారు చెప్పిన వెనక సందుల సంగతి నాకు తెలియదు. నాలుగుసార్లు వెళ్ళి నాలుగుసార్లూ ముందువైపే చూసి వచ్చాను. నా సలహా వెనక్కి తీసుకుంటున్నాను.

మండపేట అమ్మాయి:

వెళ్ళి వచ్చాం. సలహా చెప్పిన అందరికీ జరిగింది చెప్పాలి.

మూడు ప్రశ్నలూ నలుగురు గైడులను అడిగాను. ఇద్దరు తొమ్మిది చోట్లు అన్నారు. ఒకరు ‘లక్క పొయ్యి దగ్గర పది నిమిషాలు’ అన్నారు. నాలుగో ఆవిడ, ‘మీ అమ్మగారు ఏమి చేసేవారు?’ అని ఎదురు ప్రశ్న వేశారు. ఆవిడనే కుదుర్చుకున్నాం. ఇద్దరికీ కలిపి 2000 రూపాయలు.

ఉదయం నాన్, చాయ్. నాన్‌లో గుడ్డు లేదని చెప్పాక అమ్మ సగం తిని, మిగతా సగం రుమాలులో చుట్టింది. సాయంత్రం లాడ్ బజార్ వెనక ఒక సందులో, ఇనుప మెట్ల పక్కన ఒక గది. గైడు ముందు లోపలికి వెళ్ళి రెండు నిమిషాలు మాట్లాడి, అప్పుడు మమ్మల్ని పిలిచారు. లోపల బొగ్గుల కుంపటి, దాని మీద ఇనుప పలక. ఒకాయన కర్రకు అంటించిన లక్క ముద్దను సెగ చూపిస్తూ పలక మీద దొర్లించి సన్నని తీగలా సాగదీశారు. దాన్ని వంచి, రెండు కొనలూ వేడి మీదే అతికించి, కొయ్య కడ్డీకి తొడిగి గుండ్రం చేశారు. ఆయన భార్య ఆ లక్క ఆరకముందే ఒక్కొక్క రాయినీ చిమటాతో తీసి అద్దుతున్నారు. రాయి పెట్టడం, వేలి కొసతో నొక్కడం, మళ్ళీ రాయి. తల ఎత్తకుండా ఒక వరుస పూర్తి చేశారు. ఈ గాజులకు 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చిందని గైడు చెబితే, ఆవిడ ‘అవునట’ అన్నట్టు తల ఊపి పనిలో పడ్డారు.

అమ్మ చాప మీద కూర్చుని ఒక గాజు తీసుకుని, లోపలి అంచు మీద బొటనవేలు తిప్పి, ‘రెండు ఆరు’ అంది. ఆయన కొలత చూడకుండానే ‘దో ఛే’ అన్నారు. ఇంకొకటి తీసి ‘రెండు నాలుగు’ అంది. ‘దో చార్’. గాజు లోపలి వెడల్పు రెండంగుళాలు, ఆ పైన అంగుళంలో పదహారో వంతులు. మండపేటలోనూ అదే లెక్క, ఇక్కడా అదే లెక్క. అక్కడి నుంచి గైడు మధ్యలో మాట్లాడడం మానేశారు. గంటన్నర కూర్చున్నాం.

అమ్మ సంచిలో నుంచి ఒక పొట్లం తీసింది. నాకూ తెలియదు. కొట్టు పెట్టిన ఏడాది మొదటి పెట్టెలో వచ్చిన ఆకుపచ్చ లక్క గాజు, ఒకచోట విరిగింది. 31 ఏళ్ళూ గల్లాపెట్టెలో దాచింది. ఆయన దాన్ని దీపం దగ్గర పట్టుకుని చూసి, లోపల లోహపు పట్టీ లేదని, అంతా లక్కేనని భార్యకు చూపించారు. విరిగిన కొనలు కుంపటి మీద పట్టుకుని, మెత్తబడగానే కలిపి, తడి వేలితో అతుకు సరిచేశారు. డబ్బు తీసుకోలేదు. ఆ గాజు చల్లారేదాకా అమ్మ దాన్ని అరచేతిలో పెట్టుకునే కూర్చుంది.

వచ్చేటప్పుడు 24 జతలకు ఆర్డరు ఇచ్చింది. ఆటోలో అడిగాను, ‘కొట్టు మూసేశాం కదమ్మా, ఎవరికి అమ్ముతావు?’ అని.

‘మన వీధిలో పెళ్ళిళ్ళు కూడా మూసేశారా?’ అంది.