కాకతీయుల కాలం నేపథ్యంగా నాదోపాసకుల మఠం: కల్పనకు ఆధారాలు ఎక్కడ వెతకాలి?

ప్రశ్న (హన్మకొండ నుంచి)

నమస్కారం. గణపతిదేవుని కాలంలో సాగే నవల ఒకటి రాస్తున్నాను. అందులో నాదాన్నే దైవంగా కొలిచే సన్యాసుల మఠం ఉంటుంది. అటువంటి మఠం చరిత్రలో ఉందని నేను అనడం లేదు, అది పూర్తిగా నా కల్పన. పాలంపేట చెరువుకు ఎగువన, అడవి అంచున ఉన్నట్టు ఊహించాను. గర్భగుడిలో విగ్రహం ఉండదు, వేలాడే కంచు గంట మాత్రమే ఉంటుంది. అయితే వాళ్ల దినచర్య రాయబోతే, కళ్లు మూసుకుని ఓంకారం జపించే ఏదో పరాయి ఆశ్రమంలా తయారవుతోంది. ఓరుగల్లు సీమ జాడ అందులో కనిపించడం లేదు. మఠానికి తిండి ఎలా గడుస్తుంది, శిష్యులకు ఏం నేర్పుతారు, మౌనానికి వాళ్ల దగ్గర ఏ స్థానం ఉంటుంది? తెలిసినవారు దయచేసి చెప్పండి.

జవాబు 1 (వరంగల్ నుంచి)

తిండి సంగతి ముందుగా అడిగారు, అది సరైన పద్ధతి. ఆ కాలపు మఠాలు భూమి మీద బతికాయి. కాకతీయ రాజు రెండవ బేతరాజు, కాలాముఖమనే శైవ శాఖకు ఆచార్యుడైన రామేశ్వర పండితునికి గ్రామదానం చేసిన సంగతి కాజీపేట శాసనం వల్ల తెలుస్తోంది. గణపతిదేవునికి దీక్షాగురువైన విశ్వేశ్వర శివాచార్యునిది గోళకీ మఠమనే శైవ మఠం. 1261 నాటి మల్కాపురం శాసనం చదివితే ఒక మఠం చుట్టూ ఎంతమంది బతికేవారో అర్థమవుతుంది: విద్యార్థులు, అన్నసత్రం, వైద్యశాల, ప్రసూతిశాల, వాటితోపాటు పాడేవారు, ఆడేవారు, వాద్యాలు వాయించేవారు కూడా అందులో కనిపిస్తారు. కాబట్టి మీ మఠం ముంగిట ఒక శాసన స్తంభం నిలపండి. చెరువు కింది తరి పొలంలో ఏ మడి డోలు వాయించేవానికి చెందుతుందో, ఏది గంట పోసిన కంచరికి చెందుతుందో దాని మీద చెక్కించండి. మడుల మీద తగవు పుడితే కథ దానంతట అదే నడుస్తుంది.

జవాబు 2 (జనగామ నుంచి)

పై మిత్రుడు కంచరి మాట ఎత్తారు కాబట్టి అక్కడి నుంచే మొదలుపెడతాను, ఎందుకంటే మీ మఠంలో నాకు కనిపించిన అసలు లోటు అదే. మన ప్రాంతంలో పవిత్రమైన శబ్దం అన్నది శ్రమ చేసే చేతుల నుంచి పుట్టింది. ఐనవోలులో, కొమురవెల్లిలో మల్లన్న ముందు పట్నం (రంగుల పొడులతో వేసే ముగ్గు) వేసి కథ చెప్పే ఒగ్గు పూజారులు తమ చేతిలోని ఒగ్గును శివుని ఢమరుకంగానే భావిస్తారు. ఆ కథ వినడానికి కూర్చున్నవారికి అది పూజ. ఇంత బలమైన సంప్రదాయం మన ఇంటి ముందే ఉండగా, మీ సన్యాసులు నాదాన్ని గ్రంథాలలో మాత్రమే వెతుక్కోవడం నాకు బాధ కలిగిస్తుంది.

శిష్యరికం ఎలా ఉండాలంటే, డప్పు కాపడం చూడండి. గడ్డి మంట వేసి, డప్పును దానికి అడ్డంగా పట్టుకుని తిప్పుతూ, మధ్యమధ్యలో వేలితో కొట్టి వింటారు. చర్మంలోని చెమ్మ ఆరి బిగుసుకున్నకొద్దీ, మొదట మందంగా పలికిన దెబ్బ క్రమంగా పైకి లేచి ఖంగుమంటుంది. వేడి మితిమీరితే చర్మం చెడిపోతుంది. ఎక్కడ ఆపాలో చెవికి మాత్రమే తెలుస్తుంది. మీ మఠంలో చేరినవాడు మొదటి ఏడాదంతా మంత్రం జోలికి పోకుండా ఈ ఒక్క పనే చేయాలని నియమం పెట్టండి.

గంట విషయంలోనూ ఇంతే. కంచు పోతకు సుమారు 4 పాళ్లు రాగికి 1 పాలు తగరం కలుపుతారు. తగరం వల్ల లోహం గట్టిపడి మోత నిలుస్తుంది, కానీ హద్దు దాటితే గంట పెళుసుబారి పగులుతుంది. ఆ హద్దు తెలిసిన కంచరిని గర్భగుడి గడప బయటే నిలబెడతారా, లోపలికి పిలుస్తారా? మీ మఠం నిజంగా నాదాన్ని కొలుస్తుందో లేదో అక్కడే తేలిపోతుంది.

జవాబు 3 (ములుగు నుంచి)

మౌనం గురించి నాకు తెలిసినది చెబుతాను. గణపతిదేవుని సమకాలికుడైన దేవగిరి యాదవరాజు సింఘణుని ఆస్థానంలో శార్ఙ్గదేవుడు సంగీతరత్నాకరం అనే సంగీతశాస్త్ర గ్రంథం రచించాడు. దెబ్బ వల్ల పుట్టేది ఆహత నాదమనీ, దెబ్బ లేకుండా లోపల ఉండేది అనాహత నాదమనీ అందులో విభజించి, లోకాన్ని రంజింపజేసేది ఆహతమేనని అంటాడు. దీనిని బట్టి మీ మఠంలో రెండు పక్షాలు ఏర్పడవచ్చు: మోత పూర్తిగా అణగిన తరువాతే ఉపాసన మొదలవుతుందనే పెద్దలు ఒకవైపు, మోతే ఉపాసన అనే వాద్యకారులు మరోవైపు. నా మొగ్గు రెండో పక్షం వైపే.

మరొక్క మాట. గణపతిదేవుని గజసాహిణి (ఏనుగుల దళాధిపతి) జాయప సేనాని 1253-54 ప్రాంతంలో నృత్తరత్నావళి అనే నాట్యశాస్త్ర గ్రంథం రాశాడు. గీతం మీద కూడా ఆయన ఒక గ్రంథం రాశాడంటారు గానీ అది మనకు దొరకలేదు. ఆ తాటాకుల ప్రతిని మీ మఠంలో ఉంచవచ్చు. అందులోని శ్లోకాలను మాత్రం కల్పించకండి, ఎవరైనా నిజమని నమ్మే ప్రమాదం ఉంది.

ప్రశ్న అడిగినవారి స్పందన

ముగ్గురికీ కృతజ్ఞతలు. కంచరి కుటుంబాన్ని మఠం లోపలికే తీసుకువస్తున్నాను, రెండు పక్షాల తగవును వాళ్ల మడి చుట్టూ నడుపుతాను. జనగామ వారికి ఒక విన్నపం: ఒగ్గు పూజారుల దీక్షా విధానం గురించి పెద్దలను అడిగి తెలుసుకోవాలనుకుంటున్నాను, జాతర రద్దీ లేని రోజుల్లో ఐనవోలు వస్తే వాళ్లకు తీరిక ఉంటుందా?

జవాబు 2 (జనగామ నుంచి)

సంక్రాంతి నుంచి ఉగాది వరకు వాళ్లకు క్షణం తీరదండి. వానాకాలం నాట్లు ముగిశాక రండి.