మా పిల్లి మనీ ప్లాంట్ కొరికింది, ఇంకా ఏ మొక్కలు తీసెయ్యాలి?

బంటిగాడి అమ్మ: నిన్న రాత్రి మా వాడు మనీ ప్లాంట్ ఆకు కొరికాడు. కాసేపటికే నోట్లోంచి తీగల్లా చొంగ, ముందు కాలితో మూతి రుద్దుకోవడం, చేప ముక్క పెట్టినా వాసన చూసి వెనక్కి తగ్గడం. టెన్షన్‌తో నాకు నిద్ర లేదు. పొద్దుటికి తగ్గింది.

కందబచ్చలి: కంద తరిగితే చేతులు దురద పెడతాయే, అదే సంగతి. కంద, చేమ, మనీ ప్లాంట్, డైఫెన్‌బాకియా అన్నీ ఒకే కుటుంబం. ఆకులో కాల్షియం ఆక్సలేట్ సూదులుంటాయి, కొరకగానే నాలుకలో దిగుతాయి. మనమైతే చింతపండు వేసి ఉడికించుకుంటాం, పాపం పిల్లికి ఆ సౌకర్యం లేదు :) చాలావరకు నోటి మంటతో పోతుంది. ఊపిరి కష్టమైతే మాత్రం ఆగొద్దు.

మూడో అంతస్తు: అసలు భయపడాల్సింది లిల్లీలకి. పెళ్లిరోజుకి వచ్చిన బొకేలో ఓరియంటల్ లిల్లీలున్నాయి. మా పిల్లి ఆకు ముట్టుకోలేదు, ఒంటి మీద రాలిన పుప్పొడి నాకింది, అంతే. రెండు వాంతులయ్యాక మామూలుగా తిరుగుతుంటే అజీర్తి అనుకున్నాం, ముందు చూపించిన క్లినిక్‌లోనూ అదే అన్నారు. మూడో రోజుకి మూత్రం ఆగిపోయింది. కిడ్నీలు పోయాయి. మొదటి రోజే సెలైన్ ఎక్కించి ఉంటే బతికేదేమో. వాజులో నీళ్లు తాగినా ప్రమాదమేనట.

గడపలో_గడ్డి: అయ్యో. మరి దండల్లో లిల్లీ పూలు? పీస్ లిల్లీ?

కందబచ్చలి: దండల్లోది నేలసంపెంగ, మనం లిల్లీ అంటాం గానీ ఆ జాతి కాదు. పీస్ లిల్లీ కంద చుట్టమే, నోరు మండిస్తుంది, కిడ్నీల జోలికి పోదు.

కోడలుపిల్ల: మా అత్తగారు కిడ్నీలో రాళ్లకని రణపాల కుండీ పెట్టారు. అది పిల్లి గుండెకి చేటని చెప్తే నమ్మరు, పిల్లినే బయట పెట్టమంటున్నారు. కలబంద తిన్నప్పుడు విరేచనాలైతే ఉప్పునీళ్లు పట్టి కక్కించమన్నారు కూడా.

మూడో అంతస్తు: ఉప్పునీళ్లు అస్సలు వద్దండీ, ఆ ఉప్పే విషమవుతుంది. కొరికిన కొమ్మ కవర్లో వేసుకుని డాక్టర్ దగ్గరికి పోండి.

బంటిగాడి అమ్మ: మనీ ప్లాంట్ పక్కింటికి ఇచ్చేశా. అరీకా పామ్, స్పైడర్ ప్లాంట్ పర్లేదన్నారు కాబట్టి ఉంచా. పాత పెరుగు డబ్బాలో గోధుమలు చల్లితే వారానికే గడ్డి వచ్చింది, ఇప్పుడు వాడు దాని మీదే పడుకుంటున్నాడు.